ఆ రాయి మీద అలా చెక్కితే ఏమవుతుంది?

మా అక్క కొడుకు ఇంటర్ చదువుతున్నాడు. కోచింగ్ నోట్సు వెనక పేజీల్లో దొంగచాటుగా ఒక ఫాంటసీ నవల రాస్తున్నాడు. వాడి రాజ్యంలో ఒక కొండ ఉంది. ఆ కొండ రాళ్ళ మీద ఏది చెక్కితే అది జరిగి తీరుతుంది. "వాన పడుతుంది" అని చెక్కితే వాన. "శత్రువులు వెనక్కి పోతారు" అని చెక్కితే శత్రువులు గుడారాలు చుట్టేసుకుని ఇంటికి. సంక్రాంతికి వచ్చినప్పుడు ఇదంతా ముచ్చటగా చెప్పాడు. నా నోరు ఊరుకోదు కదా, "ఒరేయ్, 'ఈ రాయి మీద రాసింది జరగదు' అని చెక్కితే?" అన్నాను.

జరిగితే జరగనట్టు. జరగకపోతే జరిగినట్టు. వాడు అరిసె చేతిలో పట్టుకుని అలాగే ఉండిపోయాడు.

ఇంట్లో ఇదో పెద్ద నేరమైపోయింది. "పరీక్షల ముందు పిల్లాడి బుర్ర పాడుచేయకు" అని అక్క. ఫ్యామిలీ గ్రూపులో ఒకాయన "కట్టుకథకి లాజిక్ ఏంటండీ" అన్నాడు. ఇంకొకాయన తేలిగ్గా తేల్చేశాడు: "తన గురించి తాను చెప్పుకునే రాతలు చెక్కకూడదని రూల్ పెడితే సరి, దీనికింత రాద్ధాంతమా?" మొదటాయన్ని వదిలేస్తున్నాను. రెండో ఆయన మాట మీదే నా గొడవంతా.

తన గురించి తాను చెప్పుకోవడం తప్పా? మన ఊళ్ళో గోడల మీద "ఈ గోడపై ఏమీ రాయరాదు" అని బారెడు అక్షరాలతో రాసి ఉంటుంది. నవ్వుకుంటాం, కానీ అది పని చేస్తుంది. పాత శాసనాలు చూడండి. దానం ఎవరికిచ్చారు, పొలం ఎల్లలేమిటి, అన్నీ చెప్పాక చివర్లో, ఈ ధర్మాన్ని చెరిపినవాడు గంగ ఒడ్డున గోవును చంపిన పాపాన పోతాడని ఒక తిట్టు. రాయి తనని తాను కాపాడుకుంటున్న మాట అది. తనను గురించి మాట్లాడే హక్కు తీసేస్తే సగం శాసనాలు ఆ చివరి వరసలు చెరుపుకోవాలి. మావాడి కొండ మీద అన్నిటికన్నా పనికొచ్చే రాత "ఈ రాయిని ఎవరూ పగలగొట్టలేరు" అనేదే. దాన్నీ నిషేధిస్తారా?

పోనీ నిషేధించారే అనుకుందాం. ఇప్పుడు రెండు రాళ్ళు తీసుకోండి. పై రాయి మీద "కింది రాయి మీద రాసింది జరగదు" అని, కింది రాయి మీద "పై రాయి మీద రాసింది జరుగుతుంది" అని చెక్కండి. ఏ రాయీ తన ఊసెత్తలేదు. రెండూ పక్కదాని గురించే మాట్లాడుతున్నాయి, మన పెళ్ళిళ్ళలో చుట్టాల్లాగా. చిక్కు మాత్రం చెక్కుచెదరలేదు.

ఇంకోటి. "తూర్పు మెట్ల పక్కనున్న రాయి మీద రాసింది జరగదు" అని ఒకడు నిజాయితీగా చెక్కి దిగువన పెట్టాడు. వాడి ఉద్దేశంలో అది వేరే రాయి. రాత్రికి రాత్రి ఎవరో రాళ్ళు అటూ ఇటూ మార్చారు. తెల్లారేసరికి ఈ రాయే తూర్పు మెట్ల పక్కనుంది! రాతలో ఒక్క అక్షరం మారలేదు, నిన్న మామూలు మాట, ఇవాళ ముడి. అంటే రాతను చదివి అది ప్రమాదమా కాదా చెప్పలేం, చుట్టూ ఏముందో కూడా చూడాలి. సాల్ క్రిప్కీ అనే తత్త్వవేత్త 1975లో గట్టిగా చెప్పింది ఇదే. ఇక రూల్ పెట్టండి, చూస్తాను.

ఇది కుర్రాళ్ళ కాలక్షేపం అనుకునేవాళ్ళకి ఒక మాట. "నేను చెప్పేదంతా అబద్ధం" అనే వాక్యంతో సుమారు 5వ శతాబ్దంలోనే వ్యాకరణ తత్త్వవేత్త భర్తృహరి కుస్తీ పట్టాడు. 1902 జూన్‌లో బ్రిటిష్ తత్త్వవేత్త బెర్ట్రండ్ రస్సెల్ ఒక ఉత్తరం రాశాడు, జర్మన్ గణితవేత్త గాట్లోబ్ ఫ్రేగెకి. తమలో తాము సభ్యులు కాని సమితులన్నిటినీ ఒక సమితిగా పెడితే, అది తనలో తాను ఉంటుందా, ఉండదా అని. ఉంటే ఉండకూడదు, ఉండకపోతే ఉండాలి. అంకగణితానికి తర్కంతో పునాది వేస్తున్నాననుకున్న ఫ్రేగె పుస్తకం రెండో సంపుటం అప్పటికే అచ్చులో ఉంది. చివర్లో ఒక అనుబంధం చేర్చి, పునాది కదిలిందని ఒప్పుకున్నాడు. నాకు ఆయనంటే గౌరవం అక్కడే. మన గ్రూపులో అయితే "టైమ్‌పాస్ పోస్టులు పెట్టకండి" అనేవారు.

రాళ్ళకు మెట్లు పెట్టొచ్చు, అది నిజమే. పై మెట్టు రాయి కింది మెట్టు వాటి గురించే మాట్లాడాలి, అంతకు మించి కాదు. ముడి పోతుంది. కానీ "ఈ కొండ మీద ఏది చెక్కితే అది జరుగుతుంది" అనే మాట, అంటే కొండ అసలు ధర్మం, ఏ మెట్టు మీద చెక్కుతారు? అది అన్ని మెట్ల గురించీ చెబుతోంది కదా. దానికి చోటు లేదు. రాజ్యాన్ని నడిపే రూలే రాజ్యంలో రాసుకోలేని పరిస్థితి.

మావాడు నాకన్నా తెలివైనవాడు. రెండు రోజులాగి ఫోన్ చేశాడు. "అలాంటి రాత చెక్కితే రాయి పగిలిపోతుంది మామయ్యా." బావుంది. బేతాళుడి రూల్‌లా ఉంది. కానీ నేను వదలలేదు. "'ఈ రాత జరగదు, లేదా ఈ రాయి పగులుతుంది' అని చెక్కావనుకో. రాయి పగిలిందా, రాసిందే జరిగినట్టు కదా! రాసింది జరిగినప్పుడు రాయి ఎందుకు పగలాలి?" అవతల చాలాసేపు చప్పుడు లేదు. తర్వాత అక్క గొంతు వినిపించింది. ఆ సంభాషణ ఇక్కడ రాయను.

బేతాళుడి మాట ఎలాగూ వచ్చింది కాబట్టి. తెలిసీ చెప్పకపోతే రాజు తల పగులుతుంది, నోరు విప్పితే శవం మళ్ళీ చెట్టెక్కుతుంది. ఎటూ తప్పించుకోలేని ఉచ్చు. కానీ చివరి కథలో, ఒక తల్లీకూతుళ్ళ అడుగుజాడలు చూసి ఇచ్చుకున్న మాట ప్రకారం ఒక తండ్రి ఆ కూతుర్నీ, అతని కొడుకు ఆ తల్లినీ చేసుకుంటారు. రెండు జంటలకూ కొడుకులు పుడితే వాళ్ళకి వరస ఏమిటి? లెక్క వేయండి. తండ్రికి పుట్టినవాడు, కొడుక్కి పుట్టిన రెండోవాడికి బాబాయి, అక్క కొడుకు కాబట్టి మేనల్లుడు కూడా. రెండోవాడు మొదటివాడికి అన్న కొడుకు, మేనమామ కూడా. పిలుపులు తిరిగి తిరిగి మొదటికే వస్తాయి. విక్రమార్కుడికి జవాబు తోచలేదు, మాట్లాడలేదు. తెలియనివాడి తల పగలదు, మౌనమూ చెడలేదు. అంతకు ముందు చెప్పిన తెలివైన జవాబులన్నీ చేయలేని పని ఆ ఒక్క తెలియకపోవడం చేసింది.

నా అభిప్రాయం ఇంతే: ఆ ముడిని రూల్‌తో దాచేయకుండా, కథలో ఒక పాత్రగా కూర్చోబెట్టు అన్నాను వాడితో. వాడు ఒప్పుకున్నాడు. ఇప్పుడు కొండ శిఖరాన ఒక రాయిని ఎవరూ ముట్టుకోకుండా ఖాళీగా వదిలేశారట, పూజారులు కాపలా కాస్తున్నారట.

నిన్న రాత్రి మెసేజ్ పెట్టాడు. "మామయ్యా, జనం పొరపాటున చెక్కకుండా దాని మీద 'ఇది ఖాళీ రాయి' అని రాయిద్దామా?"