మెమో వేసే ముందు

జిల్లా కోర్టుల్లో తరచూ జరిగేదే. పొలం దావాలో సర్వే నంబరు తప్పు పడుతుంది, లేదా వాటాదారుల్లో ఒకరిని పార్టీగా చేర్చడం మరిచిపోతారు. క్రాస్ ఎగ్జామినేషన్‌లో ఆ లోపం బయటపడగానే వాది తరఫున ‘నాట్ ప్రెస్డ్’ (ఇక నడపడం లేదు) అని రెండు లైన్ల మెమో దాఖలవుతుంది, దావా కొట్టివేతకు గురవుతుంది. సరిచేసి మళ్లీ వేసుకుందామనుకున్న రైతుకు ఆ వీలు పోయిందని తెలిసేది, రెండో దావాలో ప్రతివాది అభ్యంతరం లేవదీశాకే.

సివిల్ ప్రొసీజర్ కోడ్ 23వ ఆర్డరు 1వ రూలు ప్రకారం దావా వదులుకోవడం వాది ఇష్టం. అదే విషయంపై మళ్లీ వేయాలంటే మాత్రం కోర్టు అనుమతి ఉండాలి. అనుమతి లేకుండా ఉపసంహరించుకుంటే ఖర్చులు మీద పడవచ్చు, కొత్త దావా కుదరదు. కాబట్టి మెమో చాలదు, ఐఏ (దావాలో వేసే మధ్యంతర దరఖాస్తు) వేయాలి. దావాలో లోపమేమిటో, దానివల్ల దావా ఎందుకు వీగిపోతుందో అఫిడవిట్‌లో వివరించాలి. ప్రభుత్వంపై దావాకు ముందు అదే కోడ్ 80వ సెక్షన్ నోటీసు ఇవ్వకపోవడం, అవసరమైన పార్టీని వదిలేయడం లాంటివి అనుమతికి ఆధారమయ్యే లాంఛన లోపాలు. సాక్ష్యం బలంగా లేదన్నది అలాంటి లోపం కాదు. ఓడిపోతామన్న భయంతో అడిగే అనుమతిని నిరాకరించడమే న్యాయం. ప్రతివాదికీ ఏళ్ల శ్రమ ఉంది.

అసలు ఉపసంహరణ అవసరమా అన్నది అంతకన్నా ముందు చూసుకోవాలి. సర్వే నంబరు 6వ ఆర్డరు 17వ రూలు కింద సవరణతో సరిపోవచ్చు. అయితే విచారణ మొదలయ్యాక, జాగ్రత్తపడినా ముందే గమనించలేకపోయామని కోర్టును ఒప్పించాలి.

అనుమతి దొరికినా గండం కాలపరిమితి దగ్గర ఉంది. 23వ ఆర్డరు 2వ రూలు ప్రకారం కాలపరిమితి లెక్కకు మొదటి దావా అసలు వేయనట్టే లెక్క. విక్రయ ఒప్పందం అమలు కోరే దావాకు గడువు 3 ఏళ్లు. పాత దావా అయిదేళ్లు నడిచి ఉంటే చేతిలోని అనుమతి చిత్తుకాగితమే. కోర్టుకు విచారణాధికారం లేకపోవడం లేదా అలాంటి కారణంతో అనుమతి ఇచ్చినప్పుడు, వాది సద్బుద్ధితో, శ్రద్ధగా నడిపి ఉంటేనే 1963 లిమిటేషన్ చట్టం 14వ సెక్షన్ ఆ కాలాన్ని మినహాయిస్తుంది.

అనుమతి లేకుండా వదులుకుంటే మళ్లీ వేయలేరన్న సూత్రాన్ని సుప్రీంకోర్టు 1986లో సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ కేసులో హైకోర్టు రిట్లకూ (ప్రభుత్వం, అధికారుల చర్యలపై నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్లకూ) వర్తింపజేసింది. మళ్లీ వేసుకునే స్వేచ్ఛ కోరకుండా రిట్ వెనక్కి తీసుకుంటే అదే విషయంపై మరో రిట్ చెల్లదు. సివిల్ దావా వంటి ఇతర మార్గాలు మిగులుతాయి. హెబియస్ కార్పస్‌కు (నిర్బంధంలో ఉన్న మనిషిని కోర్టు ముందు ఉంచాలని కోరే రిట్‌కు) మాత్రం దీన్ని వర్తించినట్టు భావించరాదంటూ, ఆ ప్రశ్నను ఆ తీర్పు తేల్చకుండా వదిలింది.

మెమో చేతికి రాగానే జడ్జి కక్షిదారును తెలుగులో అడగాలని మేము కోరుతున్నాం: ‘మళ్లీ వేసే ఉద్దేశం ఉందా?’ ఉందంటే ఐఏకు వాయిదా ఇవ్వాలి. అనుమతి ఇచ్చినా ఇవ్వకపోయినా ఆ మాట డాకెట్ ఆర్డరులోనే (కేసు ఫైలులో జడ్జి రాసే ఉత్తర్వులోనే) రాయాలి. ఉపసంహరణకు ఒప్పుకుని అనుమతి మాత్రం కాదనడం తగదు. రెండూ కలిపి అడిగిన పిటిషన్‌ను కొట్టివేస్తే పాత దావా అయినా బతికి ఉంటుంది.