మూత మీద చీటీ పీకకండి

నిన్న ఒకాయన ఫోన్ చేశాడు. "అన్నా, మీ దగ్గర పాతకాలం వీడియోలు ఉన్నాయంట కదా, సాయంత్రానికి వాట్సాప్‌లో పెట్టెయ్యి, పేరు వేస్తాంలే" అన్నాడు. డాక్యుమెంటరీ తీస్తున్నారంట. డ్రోన్‌కి డబ్బులున్నాయి, డబ్బింగ్‌కి ఉన్నాయి. ఫుటేజ్ మాత్రం ఊరికే కావాలి. కడుపు మండి రాస్తున్నా.

మా బాబాయికి సంతపేటలో ఫొటో స్టూడియో ఉండేది. చేతిలో 16 ఎంఎం సినిమా కెమెరా. పెళ్ళిళ్ళు, తిరనాళ్ళు, బండలాగుడు పోటీలు, ఏది కనబడితే అది తీశాడు. ఆయన పోయాక అటక మీద ఫిల్ము రీళ్ళున్న పద్నాలుగు రేకు డబ్బాలు మిగిలాయి. "ఏందబ్బయా ఈ చెత్త, పాత ఇనుపోడికి వేసెయ్" అన్నారు ఇంట్లో.

మొదటి డబ్బా మూత తీస్తే గుప్పుమని వెనిగర్ వాసన, కళ్ళు మండాయి. అసిటేట్ అనే ఒక రకం ప్లాస్టిక్‌తో చేసిన ఫిల్ము పాడవుతుంటే వచ్చే వాసన అది. వేడికీ తేమకీ ఫిల్ములోనే ఆమ్లం పుడుతుంది, ఆ ఆమ్లమే మిగతాదాన్ని ఇంకా తొందరగా తినేస్తుంది. పక్కనున్న రీళ్ళకీ ఆ ఆవిరి చేటే. 21 డిగ్రీలు, 50 శాతం తేమ ఉన్న గదిలో ఇది మొదలవడానికి దాదాపు 40 ఏళ్ళు పడుతుందంటారు. మన రోహిణి కార్తె ఎండలో, రేకుల కింద అటక మీద అన్నేళ్ళు ఎక్కడ ఆగుతుంది?

రీలు కుంచించుకుపోయి, అంచులు మెలికలు తిరిగాయి. ప్రొజెక్టర్‌కి ఎక్కిస్తే చిరిగిపోతుంది. గుడ్డ తొడుగులు వేసుకుని జానెడు జానెడు తుడిచా, తెగినచోటల్లా అతికించా. 400 అడుగులు, అంటే తెర మీద 11 నిమిషాలు. నాకు తొమ్మిది రోజులు పట్టింది. స్కానింగ్‌కి చెన్నై పంపించా, ఆ ఖర్చూ నాదే.

అందులో ఒకచోట తలపాగా చుట్టుకున్న రైతు గిత్త మూపురం మీద చెయ్యేసి కెమెరా వైపు నవ్వుతాడు. రెండే సెకన్లు, 48 బొమ్మలు. ఎన్నిసార్లు చూశానో.

ఎప్పటిదో తెలియలేదు. మూత లోపల బాబాయి చీటీ ఉంది: "కందుకూరు, నెల్లూరు జిల్లా". సంవత్సరం లేదు. కందుకూరు 1970లో కొత్త జిల్లాలోకి వెళ్ళింది, దానికే 1972లో ప్రకాశం అని పేరు పెట్టారు. మళ్ళీ నెల్లూరులో కలిసింది 2022లోనే. బాబాయి అప్పటికే లేడు. అంటే ఈ గిత్తలు 1970కి ముందువి! ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

ఇదే క్లిప్ పోయినేడు ఇంకొకళ్ళకిచ్చా, వివరాలన్నీ కాగితం మీద రాసి మరీ. తెర మీద "రాయలసీమ పల్లె" అని వేశారు. ఊరు మార్చేశాక ఆ నవ్వు ఎవరిది? ఆ మనిషి మనవలు చూసినా గుర్తుపట్టే దారి మూసేసినట్టే కదా. ఫుటేజ్ ఇవ్వడమంటే ఫైలు పంపడం కాదు. ఎక్కడిది, ఎప్పటిది, ఎవరు తీశారు, ఇవన్నీ దాని వెంట వెళ్ళాలి. నేను అడిగే డబ్బు అందుకే.

మన మొదటి టాకీ "భక్త ప్రహ్లాద" 1932లో వచ్చింది, ఇవాళ చూద్దామంటే ప్రింటు లేదు. పుణేలో 1964లో పాత సినిమాలు భద్రపరచడానికి జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ పెట్టాక, అక్కడ పనిచేసిన పి.కె. నాయర్ గారు ఎన్నో సినిమాలు వెతికి పట్టుకున్నారు. మన తిరనాళ్ళు, మన గిత్తలు ఎవరు వెతుకుతారు?

రేపు రెండో డబ్బా తెరుస్తున్నా. కావలి, కందుకూరు, ఒంగోలు వైపు ఎవరింట్లోనైనా ఇలాంటి డబ్బాలుంటే నాకు మెసేజ్ పెట్టండి, నేనే వస్తా. ఎండలో పెట్టకండి, మూత మీద చీటీ పీకకండి.