ఒక్క సీను వేషానికైనా ఆడిషన్ పెట్టండి

హీరో ఎవరన్నది చాలా సినిమాల్లో పెట్టుబడి కుదిరే నాటికే తేలిపోతుంది. కాస్టింగ్ వాళ్ల, అంటే పాత్రలకు నటుల్ని ఎంపిక చేసేవాళ్ల, అసలు పనితనం కనిపించేది ఆ హీరో ఎదుట నిలబడి మూడు మాటలు చెప్పే గుమాస్తా దగ్గర, నర్సు దగ్గర, పక్కింటి ముసలాయన దగ్గర. దానికే ఎవరూ టైమ్ ఇవ్వరు. షూటింగ్ రెండు రోజులుందనగా ఒక అసిస్టెంట్ డైరెక్టర్‌ని పిలిచి "ఎవరో ఒకర్ని పట్టుకురా" అంటారు. తీరా సెట్లో ఆ మనిషికి నోరు తిరగక పది టేకులైతే యూనిట్ మొత్తం, పెద్ద నటుల కాల్షీట్లతో సహా, అక్కడే ఇరుక్కుంటుంది. ఇదెక్కడి పొదుపు?

ఈ వృత్తిలోకి రావాలనుకునేవాళ్లు ముందు బ్రేక్‌డౌన్, అంటే పాత్రల వివరాల జాబితా, రాయడం నేర్చుకోండి. స్క్రిప్టు కనీసం రెండుసార్లు చదవాలి: ఒకసారి కథ కోసం, ఒకసారి కేవలం మనుషుల కోసం. ప్రతి పాత్రకూ వయసు, ఎన్ని సీన్లు, ఎన్ని రోజుల పని, ఎవరితో కాంబినేషన్, బండి నడపాలా, ఈత రావాలా, రాత్రి షూటింగ్ ఉందా అన్నీ రాసుకోవాలి. డైలాగు లేని పాత్రల్ని వదిలేయకండి. మాట లేకుండా ఏడవాల్సిన మనిషిని వెతకడమే కష్టం.

ఆడిషన్‌కి రెండు మూడు పేజీల సీను చాలు. అయితే అందులో పాత్ర మనసు ఒక్కసారైనా మారాలి. మొదటి నుంచి చివరిదాకా అరిచే సీను ఇస్తే గొంతు తప్ప ఏమీ తెలియదు. కనీసం ఒక రోజు ముందు పంపండి. ఎదురు డైలాగు చదివే మనిషిని లెన్సు పక్కనే, నటుడి కంటి ఎత్తులో కూర్చోబెట్టండి. దూరంగా కూర్చుంటే కళ్లు పక్కకు పోయి ముఖం సగమే దొరుకుతుంది. ఆ మనిషి పేపరు చదివినట్టు చదివితే ఎంత మంచి నటుడైనా చప్పబడిపోతాడు. మొదటి టేకు వాళ్ల ఇష్టానికి వదిలేయండి. రెండోదానికి ఒక్క మార్పు చెప్పండి: "ఇదే మాట అతను వినకూడదన్నట్టు చెప్పండి." మొదటిది అదరగొట్టి, రెండోదీ అచ్చం అలాగే చేసే నటుడితో సెట్లో దర్శకుడికి కష్టమే.

ఎంపిక అయ్యాక మొదలయ్యేది డేట్ల గొడవ. ఇక్కడ మునిగినన్ని సినిమాలు నటన దగ్గర మునగవు. వేరే సినిమాకి గడ్డం పెంచుతున్నాడా, జుట్టు కత్తిరించబోతున్నాడా అన్నది అగ్రిమెంటుకి ముందే అడగాలి. షెడ్యూల్ వారం జరిగితే మళ్లీ అందరికీ ఫోన్లు చేయాలి. ఒక పాత్రకి మొదట ఎంచుకున్న మనిషి సంతకం పెట్టేదాకా, రెండో ఎంపికగా ఉన్న మనిషికి "లేదు" అని చెప్పకండి. సంతకం అయిన రోజే మాత్రం చెప్పేయండి. వారాల తరబడి ఫోన్ కోసం ఎదురుచూసేలా చేయడం అన్యాయం.

ఆస్కార్ అకాడమీ 2013లో కాస్టింగ్ డైరెక్టర్లకు ప్రత్యేక శాఖ ఇచ్చింది. అవార్డు పెడతామని ప్రకటించడానికి 2024 దాకా పట్టింది, అదీ 2025లో విడుదలైన సినిమాల నుంచి. గుర్తింపు రావడం సంతోషమే. దానికన్నా ముందు నిర్మాతలు ఇవ్వాల్సింది షూటింగ్‌కి ముందు కొన్ని వారాల టైమ్, స్క్రిప్టు పూర్తి కాపీ, చిన్న వేషాలకు విడిగా బడ్జెట్. కాస్టింగ్ డైరెక్టర్ జీతం కూడా నిర్మాణ సంస్థే ఇవ్వాలి. ఆడిషన్‌కి ఫీజు కట్టమని నటుల్ని అడిగేవాడు ఎంత పెద్ద పేరు చెప్పినా సరే, పైసా ఇవ్వకండి.