మాట మీది, ఓటు మాది

1949లో హంగేరీ ఓటరు పోలింగ్ బూత్‌కు వెళితే చేతికిచ్చిన కాగితం మీద ఒకే ఒక్క జాబితా ఉండేది. ఎవరికి వేయాలా అని బుర్ర బద్దలు కొట్టుకునే పని లేదు. 1990లో ఆ కాలం పోయింది, పార్టీలు పుట్టుకొచ్చాయి, ప్రపంచం చప్పట్లు కొట్టింది. అయితే పాత సంప్రదాయం పూర్తిగా అంతరించిపోతే బాగుండదని ఎవరికో అనిపించినట్టుంది. 2014 పార్లమెంటు ఎన్నికల నుంచి ఆ ఒక్క జాబితా బ్యాలెట్ మళ్లీ వచ్చింది. అందరికీ కాదు లెండి. జాతి మైనారిటీలకు మాత్రమే.

కమ్యూనిజం పోయాక తూర్పు యూరప్ దేశాలు మైనారిటీలకు రాజకీయ భాగస్వామ్యం ఎలా కల్పించాయన్న విషయం మీద మనవాళ్లు పెద్దగా రాయలేదు. తీరని లోటు. మైనారిటీలకు చోటివ్వకపోతే నలుగురూ నవ్వుతారు. ఇస్తే వాళ్లు నిజంగానే ఏదో ఒకటి అడుగుతారు. ఈ చిక్కును ఆ దేశాలు విడదీసిన తీరు చూస్తే ఎంత కరడుగట్టిన విమర్శకుడైనా టోపీ తీయాల్సిందే.

హంగేరీ పద్ధతి ఇదీ. ఆ దేశం గుర్తించిన మైనారిటీ జాతులు 13. రోమా (జిప్సీలని పిలిచేది వీళ్లనే), జర్మన్, స్లొవాక్, క్రొయేషియన్, గ్రీకు, ఆర్మేనియన్ వగైరా. మీరు గ్రీకు జాతి ఓటరుగా పేరు నమోదు చేయించుకుంటే మీకు గ్రీకు జాబితా బ్యాలెట్ ఇస్తారు. దాని మీద ఉండేది ఒకే జాబితా. గ్రీకులు తమకు తాము ఎన్నుకున్న జాతీయ మండలి తయారు చేసినది. నచ్చితే వేయండి, నచ్చకపోతే ఊరుకోండి. ఇంత గౌరవం దక్కినందుకు ప్రతిగా మిగతా పౌరులు పార్టీల జాబితాకు వేసే ఓటును మీరు వదులుకోవాలి. పార్టీల పోట్లాటలో పడి మీ మనసు పాడవకుండా చూసే ఏర్పాటన్నమాట.

ఈ జాబితా గెలవాలంటే మామూలు పార్టీకి ఒక సీటుకు కావలసిన ఓట్లలో నాలుగో వంతు వస్తే చాలు. చాలా ఉదారం. ఆ నాలుగో వంతంటే ఇరవై వేల ఓట్లకు అటూ ఇటూ. హంగేరీలో గ్రీకులు, ఆర్మేనియన్లు చెరో నాలుగైదు వేలకు మించరు. చంటిపిల్లల్ని చంకనేసుకుని జాతి మొత్తం వచ్చి క్యూలో నిలబడినా సీటు రాదు. చట్టం రాసినవాళ్లకు కూడికలు రావని అనుకోవడం అన్యాయం. చక్కగా వచ్చు.

సీటు రాని జాతిని ఉత్త చేతులతో పంపిస్తే మర్యాద కాదు కదా. అందుకని జాబితాలో మొదటి పేరున్న మనిషిని పార్లమెంటుకు 'వక్త'గా పంపుతారు. ఆయన లోపలికి రావచ్చు, కూర్చోవచ్చు. ఫలానా అంశం మైనారిటీలకు సంబంధించినదేనని సభ పెద్దలు ఒప్పుకుంటే లేచి మాట్లాడవచ్చు, తన మాతృభాషలో కూడా. సభలో ఓటు మాత్రం ఉండదు. 2014లో 13 జాతులకూ 13 మంది వక్తలే దక్కారు. ఒక్క సభ్యుడు కూడా లేడు. ఇంత సమానత్వం ఇంకెక్కడ దొరుకుతుంది?

ఈ మహత్తర ఏర్పాటు మీద ఒక గ్రీకు ఓటరు, ఒక ఆర్మేనియన్ ఓటరు స్ట్రాస్‌బర్గ్‌లోని యూరోపియన్ మానవ హక్కుల కోర్టుకెక్కారు. ఎంచుకోవడానికి ఏమీ లేదని వాళ్ల గోడు. పైగా ఇంకో చిన్న ఇబ్బంది కూడా చెప్పుకున్నారు. ఒక బూత్‌లో నమోదైన ఆర్మేనియన్ ఓటరు ఒక్కరే ఉన్నారనుకోండి. పెట్టెలో ఆర్మేనియన్ బ్యాలెట్ ఒకటి కనిపిస్తే అది ఎవరు వేశారో కనుక్కోవడానికి డిటెక్టివ్ అక్కర్లేదు. 2022 నవంబర్‌లో కోర్టు వాళ్ల వైపే తీర్పిచ్చింది. ఓటరుకు నిజమైన ఎంపిక లేదంది, రహస్యం లేదంది, ఓటుకు ఫలితం లేదంది. ఆ మూడూ తీసేస్తే ఎన్నికలో ఇంకేం మిగులుతుందో నాకు తోచలేదు. క్యూ మిగులుతుంది కాబోలు.

జర్మన్లు మాత్రం సాధించారు. 2018లో 26 వేల పైచిలుకు ఓట్లతో అసలు సిసలు సభ్యుణ్ణి పంపారు, 2022లోనూ పంపారు. ఆ సభ్యుడు అప్పటి పాలక పక్షంలో స్థానిక నాయకుడిగా పనిచేసినవాడే. సభలో ఆయన చెయ్యి సాధారణంగా ఎటువైపు లేచేదో మీరే ఊహించుకోండి. దేశంలో అందరికన్నా పెద్ద మైనారిటీ రోమాలు. 2011 జనాభా లెక్కల్లో తాము రోమాలమని చెప్పుకున్నవాళ్లే మూడు లక్షలకు పైన. 2022లో వాళ్ల జాతీయ మండలి లోపలి తగువులతో జాబితానే వేయలేకపోయింది. సభ్యుడు సరే, ఆ మాట్లాడే వక్త కూడా లేకుండా పోయాడు. చిన్న జాతులు మాత్రం వక్తల్ని పంపి కూర్చోబెట్టాయి.

అసలు ఈ మండళ్ల కథ 1993లో మొదలైంది. ఆ ఏడు హంగేరీ చేసిన మైనారిటీల చట్టాన్ని చూసి యూరప్ ముక్కున వేలేసుకుంది. ఊరూరా మైనారిటీలు తమకు తాము స్వపరిపాలన మండళ్లు ఎన్నుకోవచ్చు. మరి రోమా మండలికి ఓటెవరు వేయాలి? ఊళ్లో ఎవరైనా. పోటీ ఎవరు చేయాలి? ఎవరైనా. 'నువ్వు రోమావా?' అని అడగడం కుదరదు. ఈ మొహమాటం వెనక కారణం లేకపోలేదు: 1941 జనాభా లెక్కల్లో జర్మన్లని రాయించుకున్నవాళ్లను యుద్ధం అయ్యాక ఆ లెక్కలు చూసే వెళ్లగొట్టారు. జాతుల చిట్టా అంటే అక్కడ జనానికి ఒళ్లు జలదరిస్తుంది. అది వెటకారం చేసే విషయం కాదు. కానీ ఆ న్యాయమైన భయం ఎవరికి ఎలా పనికొచ్చిందో వినండి.

యాస్లదాన్ అనే ఊళ్లో బడి గొడవ వచ్చింది. ఊరి బడి భవనంలోనే కొంత భాగం తీసుకుని ప్రైవేటు బడి పెట్టాలని మేయరుగారి పక్షం ప్రయత్నం. అదే జరిగితే రోమా పిల్లలు ఒక వైపు, మిగతా పిల్లలు ఇంకో వైపు అవుతారని రోమా మండలి అడ్డం తిరిగింది. 2002లో ఆ మండలికి కొత్తగా ఎన్నికలు జరిగాయి. ఊళ్లో అందరూ ఓట్లేశారు. గెలిచినవాళ్లలో మేయరుగారి భార్య ఒకరు. ఆవిడ రోమా కాదు. కొత్త రోమా మండలికి ప్రైవేటు బడి మీద ఏ అభ్యంతరమూ లేకపోయింది. మహిళా సర్పంచ్ కుర్చీలో ఆవిడ భర్త కూర్చోవడం చూసిన తెలుగు పాఠకులు దీన్ని తేలిగ్గా తీసిపారేయవచ్చు. కానీ మన దగ్గర కాగితం మీదైనా రిజర్వేషన్‌కు తగిన మనిషి పేరు ఉంటుంది. అక్కడ ఆ లాంఛనం కూడా అక్కర్లేకపోయింది. ఇలా వేరే వాళ్ల మండలిలో జొరబడేవాళ్లను హంగేరీలో కోకిలలంటారు, కాకి గూట్లో గుడ్డు పెట్టే కోకిలలే. 2005లో చట్టం సవరించి, ఓటరు తాను ఫలానా జాతి అని ముందే నమోదు చేయించుకోవాలన్నారు. నమోదుకు ఎవరి మాట ప్రమాణం? వాళ్ల మాటే.

అదే 2005లో ఇంకో తమాషా. మేం హూణులం, హూణ రాజు అట్టిలా వారసులం, మమ్మల్నీ మైనారిటీగా గుర్తించండని కొందరు దరఖాస్తు పెట్టారు. చట్టం ప్రకారం వెయ్యి సంతకాలు చాలు. అంతకన్నా ఎక్కువే తెచ్చారు. పార్లమెంటు కమిటీ ఒప్పుకోలేదు. హూణులకు అన్యాయం జరిగిందనే నా అభిప్రాయం. మేయరు భార్య రోమా కాగలిగిన దేశంలో ఒక పెద్దమనిషి హూణుడు ఎందుకు కాకూడదు?

రుమేనియా దారి వేరు. 1991 రాజ్యాంగంలోనే రాసుకున్నారు: గుర్తింపు ఉన్న ప్రతి మైనారిటీకీ, ఓట్లు చాలకపోయినా సరే, దిగువ సభలో ఒక సీటు. వోటు హక్కుతో సహా పూర్తి స్థాయి సీటు. ఇక్కడ హంగేరీని మించిపోయారని ఒప్పుకోవాలి. అయితే జాతి ఎంత పెద్దదైనా ఈ దారిలో సీటు ఒకటే. సొంత బలంతో గెలిచే హంగేరియన్ల సంగతి వేరు. లక్షల్లో ఉన్న రోమాలకూ ఒకటే, కొద్ది వేలే ఉన్న ఇటాలియన్లకూ ఒకటే. ఓట్లు ఎవరైనా వేయవచ్చు కనుక 2000 ఎన్నికల్లో ఇటాలియన్ల సంస్థకు 21 వేల పైచిలుకు ఓట్లు వచ్చాయి. రెండేళ్ల తర్వాత జనాభా లెక్కలు తీస్తే ఇటాలియన్లు మూడు వేల చిల్లర తేలారు. ఇటలీ వంటకాలకు అక్కడ ఇంత ఆదరణ ఉందని నాకు అప్పటిదాకా తెలియదు.

ఆ సీటులో ఎవరు కూర్చోవాలన్నది ఇంకో కథ. ఆ సంస్థ అభ్యర్థుల్లో దేశమంతా కలిపి ఎక్కువ ఓట్లు తెచ్చుకున్న మిహాయ్ గ్రొసారుకు ఇవ్వలేదు. ఒకే నియోజకవర్గంలో ఎక్కువ ఓట్లు వచ్చిన మరో అభ్యర్థికి ఇచ్చారు. చట్టంలో స్పష్టత లేదు. ఫిర్యాదు చేస్తే విన్నది ఎన్నికల బ్యూరో. అందులో ఎక్కువమంది పార్టీల ప్రతినిధులు. గ్రొసారు కూడా స్ట్రాస్‌బర్గ్‌కే పోయాడు, 2010లో గెలిచాడు. అప్పటికి ఆ పార్లమెంటు గడువు తీరి ఆరేళ్లు. ఈలోగా 2004లో మరో మెలిక పెట్టారు: కొత్తగా పోటీకి దిగే సంస్థ తన జాతిలో 15 శాతం మంది సభ్యుల పట్టిక తేవాలి, ఇప్పటికే సభలో ఉన్న సంస్థకు మాత్రం ఆ షరతు లేదు. ఇక ఆ సీట్లలో ఉన్నవాళ్లు ఏ ప్రభుత్వం వస్తే ఆ ప్రభుత్వానికి అండగా నిలుస్తారని పేరు. దాన్ని అవకాశవాదం అనకూడదు, స్థిరత్వం అనాలి.

లాత్వియా వీటన్నిటి జోలికీ పోకుండా మొదట్లోనే తేల్చేసింది. 1991లో స్వాతంత్ర్యం తిరిగొచ్చాక, సోవియట్ కాలంలో వచ్చి స్థిరపడినవాళ్లలో, వాళ్ల పిల్లల్లో చాలామందిని 'పౌరులు కానివారు' అనే ప్రత్యేక కోవలో పెట్టింది. 1995లో వాళ్లు ఏడు లక్షలకు పైనే. లాత్వియాకు మాస్కో అంటే భయం ఉండటంలో తప్పేమీ లేదు, చరిత్ర ఉంది. కానీ రీగాలో పుట్టి అక్కడే ముసలైన మనిషికి మున్సిపల్ ఎన్నికల్లో కూడా ఓటు లేదు. ఆ ఊళ్లో కాపురం పెట్టిన పోర్చుగీసు వాడికి ఉంది. వీధి దీపం ఎవరికి వెలగాలన్నది ఎంతైనా యూరప్ సమైక్యతకు సంబంధించిన విషయం.

బోస్నియా ముందు వీళ్లంతా బడిపిల్లలు. 1995లో అమెరికాలోని డేటన్‌లో, ఒక వైమానిక స్థావరంలో కుదిరిన శాంతి ఒప్పందానికి అనుబంధంగా వచ్చిందే ఆ దేశ రాజ్యాంగం. యుద్ధం ఆగింది, అది చిన్న విషయం కాదు. దేశానికి అధ్యక్షులు ముగ్గురు: ఒక బోస్నియాక్ (అంటే బోస్నియా ముస్లిం), ఒక క్రొయేషియన్, ఒక సెర్బు. ఎగువ సభలో 15 మంది: అయిదుగురు, అయిదుగురు, అయిదుగురు. మరి రోమాలు, యూదులు, ఏ జాతీ చెప్పుకోనివాళ్లు? వాళ్లను మర్చిపోయారని ఎవరూ అనలేరు. రాజ్యాంగ పీఠికలోనే 'ఇతరులతో పాటు' అని రాశారు. బ్రాకెట్లలో రాశారు.

యాకోబ్ ఫించి యూదుడు. అధ్యక్ష పదవికి తాను నిలబడవచ్చా అని అడిగాడు. 2007 జనవరిలో ఎన్నికల సంఘం జవాబు రాసింది: మీరు యూదులు కాబట్టి కుదరదు. ఇంత సూటిగా జవాబిచ్చే ప్రభుత్వ కార్యాలయం ఇంకెక్కడుంది? ఆయన, రోమా నాయకుడు దెర్వో సెయ్‌దిచ్ స్ట్రాస్‌బర్గ్ కోర్టుకు వెళితే 2009 డిసెంబర్‌లో అధ్యక్ష పదవి విషయంలో 16 మంది జడ్జీలు వాళ్ల వైపు, ఒక్కరు ఎదురు వైపు నిలిచారు. తీర్పు నాటికి ఫించి స్విట్జర్లాండ్‌లో బోస్నియా రాయబారి. దేశం మొత్తానికి ప్రతినిధిగా స్విస్సు వాళ్ల ముందు నిలబడవచ్చు, సొంత ఓటర్ల ముందు నిలబడకూడదు.

తర్వాత నేను ఏ జాతీ కాను, బోస్నియా పౌరురాలిని మాత్రమే అన్న ఒకావిడ 2014లో కేసు గెలిచింది. దేశంలో సెర్బుల భాగంలో (అక్కడి నుంచి అధ్యక్ష పదవికి సెర్బు మాత్రమే నిలబడాలి) కాపురమున్న బోస్నియాక్ ఒకాయన 2016లో గెలిచాడు. కోర్టులో వీళ్లందరూ గెలిచారు. పోటీకి మాత్రం ఎవరూ అర్హులు కాలేదు. 2010, 2014, 2018, 2022 ఎన్నికలన్నీ పాత నిబంధనతోనే సజావుగా జరిగిపోయాయి. 2022 డిసెంబర్‌లో యూరోపియన్ యూనియన్ సభ్యత్వానికి బోస్నియాను అధికారికంగా అభ్యర్థిగా గుర్తించారు. దేశం అభ్యర్థి అయింది. ఫించి, సెయ్‌దిచ్ ఇంకా కాలేదు.