సవరణ: మాటల్లేని ఆ బుల్లి సినిమా గురించి

ఇంట్లో వస్తువులతో స్టాప్ మోషన్ (వస్తువుని కొంచెం కొంచెం జరుపుతూ ఫొటోలు తీసి, వాటిని కదిలే బొమ్మగా కలపడం) తీయడంపై పోయిన వారం పెట్టిన పోస్టులో, అమెరికన్ యానిమేటర్ పెస్ తీసిన ‘ఫ్రెష్ గ్వాకమోలీ’కి ఆస్కార్ వచ్చిందని ఉంది. రాలేదు. 2012 నాటి ఆ సినిమా నామినేషన్ దాకా వెళ్లింది. 2013 వేడుకలో చిన్న యానిమేషన్ సినిమాల అవార్డు ‘పేపర్‌మ్యాన్’కి దక్కింది. నిమిషం 40 సెకన్ల సినిమా అంతదాకా వెళ్లడమే గొప్ప, నన్నడిగితే.

మాటల్లేవంటే మూకీ అని కొందరు అనుకున్నారు. అది కాదు. ఆ సినిమాలో గ్వాకమోలీ అనే అవకాడో పచ్చడిని తిండి కాని వస్తువులతో చేస్తారు. గ్రెనేడ్‌ని అవకాడోలా కోస్తున్నప్పుడు, బేస్‌బాల్ తరిగితే పాచికలు రాలుతున్నప్పుడు చప్పుడు వినిపిస్తూనే ఉంటుంది. మనల్ని సగం నమ్మించేది ఆ చప్పుడే. మీరు తీసినదానికీ శబ్దం విడిగా రికార్డు చేసి కలపండి. నిజం కూరగాయ కోసిన చప్పుడైతే ఇంకా బాగుంటుంది.

సెకనుకు 24 ఫొటోలు తప్పనిసరి అన్న వాక్యం కూడా తీసేశాను. ఒక్కో ఫొటోని రెండు ఫ్రేములపాటు, అంటే వీడియోలో వరసగా రెండు బొమ్మల చోట, నిలిపితే 12 చాలు. పది సెకన్లకు 240 బదులు 120. పిల్లల ఓపిక కూడా చూడాలి కదా!

తాము తీసిన వీడియోలో వెలుతురు మినుకుమినుకుమంటోందని తార్నాక నుంచి ఒకరు అడిగారు. కిటికీలోంచి వచ్చే ఎండ నిమిషనిమిషానికీ మారుతుంది. పరదా వేసి, ఒకే దీపం పెట్టి, ఫోన్‌లో ఎక్స్‌పోజర్ (ఫొటోలోకి వచ్చే వెలుతురు) మారకుండా లాక్ చేయండి. ట్యూబ్‌లైట్ అయితే షట్టర్ స్పీడు (ఒక్కో ఫొటోకి వెలుతురు పడే సమయం) సెకనులో 50వ వంతు ఉంచండి. మన కరెంటు 50 హెర్ట్జ్, అంటే సెకనుకు 50 సార్లు ఊగుతుంది కాబట్టి దానికి సరిపోతుంది. ఇక తీయడానికి కావాల్సిన గుండీలు, పాచికల వంటివి హైదరాబాద్ బేగంబజార్‌లో చవగ్గా దొరుకుతాయి.