న్యూయార్క్‌లో దిగిన స్క్విడ్ గారికి కర్నూలు నుండి ఒక లేఖ

మహారాజశ్రీ స్క్విడ్ గారికి, కర్నూలు పాతబస్తీ పాఠకుడు నమస్కరించి వ్రాయునది. ఉభయకుశలోపరి అని మొదలుపెట్టడం మా అలవాటే గానీ, ‘వాచ్‌మెన్’ అనే కామిక్ కథ చివర, సముద్రపు స్క్విడ్‌ను పోలిన పెద్ద ప్రాణిగా న్యూయార్క్ నడిబొడ్డున దిగిన మరుక్షణమే తమరు ప్రాణాలు విడిచి, పోతూ పోతూ లక్షలాది మందిని వెంట తీసుకుపోయారు కనుక ఆ మాట వ్రాయడానికి చేయి రాలేదు.

అలన్ మూర్ రాసి, డేవ్ గిబ్బన్స్ బొమ్మలు వేసిన ‘వాచ్‌మెన్’ 1986, 1987లలో పన్నెండు సంచికలుగా వచ్చింది. అప్పటి నుండి తమరి మీద ఒకటే నింద: నెత్తురు, అణుయుద్ధ భయం, మనుషుల నీచత్వం అంత నమ్మకంగా చూపించి, చివరికి ఈ ఒంటికన్ను ప్రాణి ఏమిటని. 1963 నాటి ఒక టెలివిజన్ కథను పోలి ఉందని సంపాదకుడు లెన్ వీన్ అభ్యంతరం చెప్పినా మూర్ ముగింపు మార్చలేదు. పైగా చివరి సంచికలోని టీవీలో ఆ కార్యక్రమం పేరే వినిపించారు. మా సీమవారికి ఏమాత్రం తీసిపోని దబాయింపు అది.

నాకు తమరితో పేచీ లేదు. రచయితలనూ చిత్రకారులనూ ఒక దీవిలో కూర్చోబెట్టి తమరిని తయారు చేయించుకొని, పని కాగానే వాళ్ల ఓడను పేల్చేసిన ఏడ్రియన్ వైట్ అనే ఆ కథలోని మాజీ ముసుగు వీరుడి లెక్కతోనే పేచీ. పరాయి లోకపు శత్రువు కనబడితే అమెరికా, సోవియట్ యూనియన్ కొట్లాట మాని చేతులు కలుపుతాయని ఆయన లెక్క.

2009లో గాంధీ జయంతి నాడు తుంగభద్ర, హంద్రీ మా ఊళ్లోకి వచ్చాయి. శ్రీశైలానికి 25 లక్షల క్యూసెక్కులకు పైగా నీరు చేరిన వరద అది. ఉమ్మడి గోడ తగాదాతో ఏళ్ల తరబడి మాటల్లేని పక్కింటివారూ మేమూ ఒకే మిద్దెమీద రెండు రాత్రులు గడిపాము. ఆ ఇంటి పెద్దాయన తన పొడి దుప్పటిని మా నాయనకు కప్పి, చేతికొచ్చిన ఒక్క పులిహోర పొట్లాన్ని వేరుశనగ పప్పులతో సహా సమంగా పంచి, ‘తినన్నా’ అన్నారు. వైట్ చూసి ఉంటే కంటతడి పెట్టేవాడు. నీళ్లు తీశాక, నష్టపోయిన ఇళ్ల జాబితా రాయడానికి మనుషులు వచ్చిన పూట, అదే పెద్దాయన మా వాకిట్లో నిలబడి, ‘సార్, వీళ్లింట్లోకి మోకాళ్ల దాకానే వచ్చినాయి’ అన్నారు. గోడమీద ఒండ్రు గీత మా నాయన తలకంటే ఎత్తున ఉంది.

అదే ఏడాది మార్చిలో వచ్చిన ‘వాచ్‌మెన్’ సినిమా తమరిని తీసేసి, నగరాలను పేల్చిన నేరాన్ని కథలోని అతిమానవ శక్తులున్న డాక్టర్ మన్‌హాటన్ మీదికి నెట్టింది. ఊరు విడిచిపోయినవాడి మీద నేరం వేసి రాజీ కుదుర్చుకోవడం మా పంచాయితీలకూ తెలిసిన పద్ధతే. అయితే మన్‌హాటన్ అమెరికా కొలువు చేసినవాడు. వాడు కాలిస్తే రష్యావాళ్లు అమెరికా కాలరు పట్టుకోవాలి గానీ కౌగిలించుకుంటారా? తమరికైతే ఏ దేశపు రేషన్ కార్డూ లేదు. 2019లో వచ్చిన ‘వాచ్‌మెన్’ టీవీ ధారావాహికలో తమరి పిల్లలు, అంటే చిన్న స్క్విడ్‌లు, మాటిమాటికీ వానగా కురుస్తూ ఉంటాయి. ఒక్క స్క్విడ్‌తో శాంతి నిలవదని అది తీసినవాళ్లకు అర్థమైనట్టుంది. అదే వాన అనంతపురంలో పడితే, ఎన్ని మిల్లీమీటర్లని ముందు అడుగుతారు.

కామిక్‌లో, వైట్ అబద్ధానికి ఒప్పుకోనన్న ముసుగు వీరుడు రోర్షాక్‌ను మన్‌హాటన్ మంచులోనే చంపినా, అతని డైరీ అప్పటికే ఒక చిన్న పత్రికకు చేరింది. చివరి పుటలో, చొక్కామీద కెచప్ మరక పడిన సేమూర్ అనే కుర్రవాడి చేయి ఆ కాగితాల కుప్పవైపు సాగుతుంది. నా దగ్గరి పుస్తకం ఆ వరదలో నానింది గనుక, ఆ చేతిమీదుగా ఒండ్రు మరక కూడా ఉంది. చదవడానికి తీసుకుపోయేవారికి అది కూడా చిత్రకారుడు వేసిందేనని చెప్పి ఇస్తున్నాను. ఇప్పటిదాకా ఎవరూ ఎదురడగలేదు.

ఇట్లు,
తమ పాఠకుడు