మొగలి పొదను పిచ్చిమొక్క అనుకుంటే నష్టం విశాఖకే

పోయిన శ్రావణంలో మొగలిపువ్వు కోసం పూర్ణా మార్కెట్‌కు వెళ్లాను. బంతి, చామంతి గుట్టలు గుట్టలుగా ఉన్నాయి. మొగలి ఒక్క ముసలామె బుట్టలోనే కనిపించింది, అదీ నాలుగే నాలుగు పూలు. ఇంకా లేవా అని అడిగితే, "పొదలుంటే కదా బాబూ తేడానికి! రోడ్డుకని కొన్ని తీసేశారు, లేఅవుట్లకని కొన్ని" అంది.

ఆమె అన్నది నిజం. తీరంలో ఏ జాగా చదును చేసినా జేసీబీ కింద మొదట పోయేది మొగలి పొదే. తర్వాత అక్కడే లాన్ వేసి ట్యాంకర్‌తో మంచినీళ్లు పోస్తాం. ఉప్పుగాలిలో, ఉత్త ఇసుకలో తనంతట తాను పెరిగే మొక్కను పీకేసి, ఆ రెండూ పడని గడ్డిని తెచ్చి పెంచుతున్నాం. దాన్ని సుందరీకరణ అంటుంటే నాకు బాధగా ఉంటుంది.

పాముల భయం ఒకటి ఉంది. వాసనకు నాగుపాము వస్తుందని చిన్నప్పటి నుంచీ వింటున్నదే. పాములు వచ్చేది వాసన కోసం కాదు, ముళ్ల మధ్య చల్లటి నీడ, ఎలకలు, కప్పలు దొరుకుతాయని. పిల్లలు ఆడుకునే చోట ఈ పొద వద్దంటే ఒప్పుకుంటాను. ఇసుక దిబ్బల మీద ఉన్నదాన్ని కొట్టేయడానికి మాత్రం అది కారణం కాదు.

ఈ పువ్వును శివుడికి పెట్టరు. బ్రహ్మ తరఫున అబద్ధపు సాక్ష్యం చెప్పి శాపం పొందిందని కథ. గుడిలో చోటు దక్కకపోయినా ఇంట్లో దక్కింది. రేకులు జడలో కుట్టారు, చీరల పెట్టెలో వేశారు, తాంబూలంలోకి కాచుకు వాసన పట్టించారు. ముళ్లు తీసి ఎండబెట్టిన ఆకుతో చాపలు అల్లారు. బిర్యానీలో వేసే కేవ్‌డా నీళ్లు దీనివేనని తెలియక, సీసా కొనుక్కునేవాళ్లు మన ఊళ్లోనే ఎంతమందో!

ఆ సరుకుకు పేరుపడ్డ ఊళ్లు మనకు దూరమేమీ కాదు. రైలెక్కితే నాలుగైదు గంటల్లో ఒడిశాలోని బరంపురం. ఆ చుట్టుపక్కల గంజాం తీరంలో మొగలి పొలం గట్ల మీద, వాగుల పక్కన పెరుగుతుంది. రాగి పాత్రల్లో పూలు, నీళ్లు పోసి కాస్తారు. ఆ ఆవిరిని గంధం నూనెలోకి పట్టిస్తే అత్తరు, ఒట్టి నూనెగా తీస్తే రూహ్. గంజాం కేవ్‌డాకు జీఐ (ఆ ప్రాంతపు ప్రత్యేక సరుకు అనే భౌగోళిక గుర్తింపు) కూడా ఉంది.

ఇందులో నన్ను ఎక్కువగా ఆలోచింపజేసింది పువ్వు స్వభావం. దాని వాసన నిలవదు. తెల్లవారుజామున కోసి, కొన్ని గంటల్లోనే అత్తరు కాచే బట్టీకి చేర్చాలి. లారీలో వేసి, అత్తర్లకు పేరుపడ్డ ఉత్తరప్రదేశ్‌లోని కనౌజ్ పంపుదామంటే కుదరదు. అందుకే బట్టీలే పొదల దగ్గరికి వచ్చాయి. కోసేవాళ్లకు, మోసేవాళ్లకు, కాసేవాళ్లకు, అందరికీ పని ఊళ్లోనే. ముడిసరుకు పంపేసి చేతులు దులుపుకునే తీరప్రాంతానికి ఇలాంటి పంట అరుదు.

అయితే మొక్కలు నాటగానే డబ్బులు రాలవు. అత్తరుకు పనికొచ్చే వాసన మగ పువ్వుదే. ఆడ మొక్కకు అనాసలాంటి కాయ కాస్తుంది. గింజ నుంచి వచ్చిన మొక్క మగదో ఆడదో పూసేదాకా తెలియదు. కాబట్టి మంచి వాసన ఉన్న మగ పొద నుంచే పిలకలు తీసి నాటాలి, పూతకు కొన్నేళ్లు ఆగాలి. లెక్క కోసం నర్సరీ మొక్కలు నాటి ఫొటో దిగే పద్ధతి ఇక్కడ పనికిరాదు. గుట్కా, పాన్ మసాలాల మీద ఆధారపడిన గిరాకీని నమ్ముకోవడం కూడా నాకు ఇష్టం లేదు. మిఠాయి, అత్తరు, అగరుబత్తి చాలు.

ఒక్క పువ్వూ అమ్మకపోయినా ఈ పొద ఉండాల్సిందే. కాండం నుంచి ఊడలు దింపి ఇసుకను పట్టుకుంటుంది, గాలికి కొట్టుకొచ్చిన ఇసుకను గుబురులో ఆపుతుంది. 2014 అక్టోబర్ 12న హుద్‌హుద్ తుఫాను కొట్టినప్పుడు ఊరంతా నిలువెత్తు చెట్లు కూలిపోవడం కళ్లారా చూశాం. తీరం పొడవునా సరుగుడు ఒక్కటే నాటే అలవాటును అప్పుడైనా మార్చుకోవాల్సింది. మొగలి నాటితే ఆర్కే బీచ్ కోత ఆగిపోతుందని చెప్పను. ఉత్తరానికి కదిలే ఇసుకను హార్బర్ గోడలు అడ్డుకోవడం వల్ల వచ్చిన కోత అది, డ్రెడ్జింగ్ ఇసుక పోస్తూ ఉండాల్సిందే. కానీ భీమిలి వైపు, యారాడ వైపు మిగిలిన దిబ్బల సంగతి వేరు. తీరంలో కట్టడాలను నియంత్రించే సీఆర్‌జెడ్ నిబంధనల్లో ఇసుక దిబ్బలకు అన్నిటికన్నా గట్టి రక్షణ ఉంది. దిబ్బను వదిలి, దాన్ని పట్టి ఉంచే పొదను కొట్టేస్తే ఆ రక్షణకు అర్థం ఏముంది?

వర్షాకాలం పూత రోజుల్లో తెల్లవారుజామున నడిస్తే, ఏ పొద మగదో, దేనికి వాసన ఉందో ముక్కే చెబుతుంది. పూర్ణా మార్కెట్ ముసలామెకు ఆ పొదలన్నీ తెలుసు. వచ్చే శ్రావణంలో ఆమెను, ఆమెలాంటి వాళ్లను కూలి ఇచ్చి వెంట తీసుకెళ్లి, మిగిలిన పొదలకు గుర్తులు పెట్టించాలి. జేసీబీ ఆ దారికి రాకముందే.